నేరాల పద్దులు చదివిన ఖగోళ పండితుడు కెట్లే

మన సరిహద్దు పల్లెల పిల్లలెందరో ఉద్యోగాలకై బెంగుళూరు చేరి, మారతహళ్ళి చుట్టుప్రక్కల పి.జి. గదులలో ఉంటున్నారు. నగరంలో నేరాలు పెరిగినవని పత్రికలో పట్టిక కనబడగానే ఇక్కడ కన్నవారికి నిద్ర పట్టదు. అట్టి పట్టికలను చదివే విద్యకు ఆద్యులలో ఒకడు బెల్జియం దేశీయుడు అడోల్ఫ్ కెట్లే.

కెట్లే 1796 ఫిబ్రవరి 22న గెంట్ నగరంలో జన్మించాడు. బాల్యంలోనే తండ్రిని కోల్పోయి, ఇరవై ఏళ్ళు నిండకముందే బడిపంతులై గణితం బోధించాడు. (మా వృత్తివాడని నాకు కొంత పక్షపాతం ఉన్నమాట నిజమే.) 1819లో డాక్టరేట్ పొందాడు. నక్షత్రశాల నడిపే పద్ధతులు తెలుసుకొనడానికి 1823లో పారిస్ వెళ్ళగా, అక్కడ సంభావ్యతా గణితం కూడా వంటబట్టింది. తరువాత బ్రస్సెల్స్ నక్షత్రశాలకు అధిపతియై జీవితాంతం ఆ పదవిలోనే ఉన్నాడు.

ఒక నక్షత్రాన్ని పదిమార్లు కొలిస్తే పది లెక్కలు వస్తాయి. అవన్నీ ఒక సగటు చుట్టూ చేరుతాయి. మనుషులలోనూ ఇట్టి క్రమం ఉండునా అని అతడు వెదికాడు. 5,738 మంది స్కాట్లండు సైనికుల ఛాతీ కొలతలలో అది కనిపించింది. నేడు వైద్యులు చూసే బి.ఎం.ఐ. కూడా అతని సూత్రమే.

అతణ్ణి నివ్వెరపరచినవి ఫ్రాన్సు న్యాయస్థానాల లెక్కలు. 1826 నుండి 1829 వరకు ఏటేటా నిందితులు ఏడు వేలకు అటూ ఇటూ. శిక్ష పడినవారు నూటికి అరవై ఒక్కరి దరిదాపు. దొంగలు మారినా సంఖ్య మారలేదు. కావున నేరానికి మూలం ఒక్క మనిషి దుర్బుద్ధిలోనే కాక, సంఘపు స్థితిగతులలోనూ ఉన్నదని అతడు తేల్చాడు. ఇరవై ఐదేళ్ళ ప్రాయంలో నేరాలు హెచ్చని, కేవల దారిద్ర్యమే కారణం కాదని కూడా చూపాడు. 1835లో ఈ విషయాలన్నీ గ్రంథరూపంలో వెలువడగా, యూరపు పండితులలో కొందరు మెచ్చారు. మానవుని ఇచ్ఛాశక్తిని కాదన్నాడని మరికొందరు కోపించారు. 1853లో బ్రస్సెల్స్‌లో తొలి అంతర్జాతీయ గణాంక మహాసభ జరిపించినవాడూ ఇతడే. 1855లో పక్షవాతం వచ్చి జ్ఞాపకశక్తి సన్నగిల్లినా పని మానక, 1874 ఫిబ్రవరి 17న కన్నుమూశాడు.

నా దృష్టిలో అతని అసలు గొప్పదనం వేరొకటి. కోర్టు పుస్తకంలోకి ఎక్కిన నేరాలే మనకు తెలుసు, ఎక్కనివి ఎన్నో తెలియదు అని గ్రహించి, ఆ సంగతి బాహాటంగా వ్రాశాడు. అయితే తెలిసినవాటికీ తెలియనివాటికీ నిష్పత్తి మారదని ఊహించుకొని లెక్క నడిపాడు. ఆ ఊహ నిలువదు. ఫిర్యాదు చేయడం సులువైతే నేరం పెరగకున్నా అంకె పెరుగుతుంది. ఠాణాకు పోవడానికి జనం జంకితే అంకె తగ్గుతుంది.

మన జాతీయ నేర నమోదు సంస్థ పుస్తకాన్నీ ఈ కంటితోనే చూడాలి. అందులో బెంగుళూరు మొత్తం ఒక్క గడి. మారతహళ్ళికి ప్రత్యేక గడి లేదు. ఒకే కేసులో హత్యా దొంగతనమూ ఉంటే హత్యగానే లెక్కిస్తారు. 2022 సంచికలో కూడా లక్ష జనాభాకు నేరాల రేటు కట్టినది 2011 జనగణన ప్రకారం, అనగా 85 లక్షల మందికి. ఆ తరువాత మారతహళ్ళి వైపు వచ్చి చేరినవారు నేరాల లెక్కలో ఉన్నారు గాని తలల లెక్కలో లేరు. అందుచేత రేటు ఉన్నదానికన్నా ఎక్కువగా కనబడుతుంది.

2024 జూలై 1న అమలులోకి వచ్చిన నాగరిక సురక్షా సంహిత 173వ సెక్షన్ ప్రకారం, దోపిడీ వంటి నేరం ఎక్కడ జరిగినా ఏ ఠాణాలోనైనా ఫిర్యాదు ఇవ్వవచ్చు. మారతహళ్ళిలో దోపిడీకి గురైన పిల్లవాడు ఊరికి వచ్చేసి ఉంటే, కుప్పంలోనో పలమనేరులోనో జీరో ఎఫ్.ఐ.ఆర్. వ్రాయించవచ్చు. వారు దానిని మారతహళ్ళికి పంపుతారు. అక్కడ దానికి వరుస సంఖ్య పడుతుంది.