బంతిని అందించిన గురువు

గురువు ఎంతటివాడో అతని శిష్యులను చూస్తే తెలుస్తుంది. సయ్యద్ అబ్దుల్ రహీం అలాంటి గురువు.

సికింద్రాబాద్ సైనిక పటాలాల చుట్టూ పెరిగిన ఊరని రెజిమెంటల్ బజార్ పేరే చెబుతుంది. పటాలాల సిపాయిలు ఆడిన ఫుట్‌బాల్ జంటనగరాల బస్తీ పిల్లల ఆట కూడా అయింది. ఆ పిల్లల్లోంచి దేశానికి ఆటగాళ్లను తీర్చిదిద్దినవాడు రహీం. 1909లో హైదరాబాద్‌లో పుట్టిన ఆయన ఫుట్‌బాల్ ఆడాడు, బడిపంతులుగా పనిచేశాడు, 1943 నుండి చనిపోయేవరకు హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శిగా ఉన్నాడు.

బంతిని తన దగ్గరే ఉంచుకుని చప్పట్లు కొట్టించుకోవాలని ప్రతి ఆటగాడికీ ఉంటుంది. రహీం దాన్ని ఒప్పుకునేవాడు కాదు. బంతి కాలికి తగలగానే తోటివాడికి అందించాలని నేర్పాడు. అందుకోసం డ్రిబ్లింగ్ లేని పోటీలే పెట్టించాడు. ఆయన శిక్షణలో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది.

అమ్ముగూడలో పేద ఇంట పుట్టిన తులసీదాస్ బలరాంకు రోజూ హైదరాబాద్ వచ్చి సాధన చేసే స్తోమత లేదు. అది తెలిసి రహీం సైకిల్ అద్దెకు డబ్బిచ్చాడు. ఆ కుర్రవాడే 1956లో మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో దేశం తరఫున ఆడాడు.

అన్నీ విజయాలే కావు. 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచిన జట్టే మరుసటి ఏడు హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1తో చిత్తుగా ఓడింది. మనవాళ్లలో చాలామంది వట్టి కాళ్లతో ఆడారు. రహీం కుంగిపోలేదు, జట్టును మళ్లీ కట్టాడు. నాలుగేళ్లకు మెల్బోర్న్‌లో ఆతిథ్య ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి భారత్ నాలుగో స్థానంలో నిలిచింది.

1962లో జకార్తా ఆసియా క్రీడల నాటికి ఆయన ఆరోగ్యం క్షీణించింది. మొదటి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా చేతిలో ఓటమి. తర్వాత జర్నైల్ సింగ్ తలకు దెబ్బ తగిలి కుట్లు పడ్డాయి. డిఫెండరైన అతన్ని రహీం ముందు వరుసలో నిలబెట్టాడు. సెప్టెంబర్ 4న ఫైనల్‌లో మళ్లీ అదే కొరియా. స్టేడియమంతా మనవాళ్లకు వ్యతిరేకంగా హోరెత్తుతుంటే పి.కె. బెనర్జీ, జర్నైల్ గోల్స్ కొట్టారు. 2-1తో స్వర్ణం మనదైంది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో ఆ తర్వాత మనకు మళ్లీ స్వర్ణం రాలేదు.

ఏడాది తిరగకముందే, 1963 జూన్ 11న, ఊపిరితిత్తుల క్యాన్సర్‌తో రహీం కన్నుమూశాడు. మైదానంలో చప్పట్లు శిష్యులకు దక్కాయి. దేశం ఆయన్ను చాలాకాలం మరచిపోయింది. 2024లో సినిమా వచ్చాకే ఎందరికో ఆయన పేరు తెలిసింది.

ఇంట్లోనైనా సంఘంలోనైనా పెద్దలమైన మన దగ్గర ఏదో ఒక బంతి ఉంది. అది పదవి కావచ్చు, అనుభవం కావచ్చు. వెనక వస్తున్న చిన్నవాడికి దాన్ని అందిస్తున్నామా, లేక చప్పట్ల కోసం మన కాళ్ల దగ్గరే తిప్పుకుంటున్నామా?