చెన్నపట్నానికి రూపురేఖలు దిద్దిన వాస్తుశిల్పి – రాబర్ట్ ఫెలోస్ చిషోల్మ్

చెన్నపట్నం మెరీనా సముద్రతీరాన సాగే రాజవీథిలో ఒకదాని సరసన ఒకటిగా కొన్ని ప్రాచీన భవనాలు నేటికీ గంభీరంగా నిలిచి ఉన్నాయి. ప్రెసిడెన్సీ కళాశాల, చేపాక్ ప్రాసాదపు గోపురం, మదరాసు విశ్వవిద్యాలయపు సెనేట్ హౌస్ వాటిలో ముఖ్యమైనవి. హోసూరు, కృష్ణగిరి ప్రాంతాలు నాటి సేలం జిల్లాలో భాగంగా, మదరాసు రాజధాని పాలనలో ఉన్న రోజుల్లో, ఇక్కడి యువకుడు పట్టభద్రుడు కావాలంటే ఆ విశ్వవిద్యాలయపు పరీక్షలలో నెగ్గవలసిందే. ఆ భవనాలను చూసిన వారు లక్షలాదిమంది. వాటిని ఊహించి, గీసి, కట్టించిన వ్యక్తి పేరు ఎరిగిన వారు మాత్రం స్వల్పం. ఆయనే రాబర్ట్ ఫెలోస్ చిషోల్మ్.

చిషోల్మ్ 1840 జనవరి 11న లండను నగరంలో జన్మించారు. యౌవనంలోనే భారతదేశానికి వచ్చి, కలకత్తాలో ప్రజాపనుల శాఖలో ఉద్యోగం చేశారు. 1864లో మదరాసు ప్రభుత్వం ప్రెసిడెన్సీ కళాశాలకు, విశ్వవిద్యాలయ సభాభవనానికి నమూనా చిత్రాలు కోరుతూ పోటీ ప్రకటించింది. ఇరవై నాలుగేళ్ల చిషోల్మ్ పంపిన చిత్రాలే ఉత్తమమైనవిగా ఎంపికయ్యాయి. ఆ విజయమే ఆయనను మరుసటి సంవత్సరం చెన్నపట్నానికి రప్పించింది.

అప్పటికి చెన్నపట్నంలో తెల్లదొరల కట్టడాలన్నీ గ్రీకు, రోమను పద్ధతులలో ఉండేవి. బారులు తీరిన తెల్లని స్తంభాలు, వాటిపై త్రికోణాకారపు నొసలు, నునుపైన సున్నపు గచ్చు – ఇదే నాటి మర్యాద. చిషోల్మ్ కూడా తాను నేర్చిన ఐరోపా విద్యనే వెంట తెచ్చుకున్నారు. ఆయన తొలి నిర్మాణమైన ప్రెసిడెన్సీ కళాశాలలో ఇటలీ దేశపు పద్ధతే ప్రధానంగా కనిపిస్తుంది. ఆ భవనం 1870లో ప్రారంభమైంది. తదుపరి కాలంలో సర్ సి.వి.రామన్ విద్యార్థిగా, సర్వేపల్లి రాధాకృష్ణన్ అధ్యాపకులుగా మసలినది ఆ భవనంలోనే. నీలగిరులలోని లవ్‌డేల్‌లో లారెన్స్ విద్యాలయానికి చిషోల్మ్ ఇచ్చిన రూపం కూడా ఐరోపా పద్ధతిలోనిదే. అంతటితో ఆగిపోయి ఉంటే, సమర్థులైన నాటి ఆంగ్ల ఇంజనీర్లలో ఆయన ఒకరుగా మాత్రమే మిగిలిపోయేవారు.

ఆయన దృష్టిని మార్చినది దక్షిణదేశపు కట్టడాలే. 1866 నుండి 1872 వరకు మదరాసు గవర్నరుగా ఉన్న నేపియర్ ప్రభువు, ఈ దేశంలో కట్టే భవనాలు ఈ దేశపు వాతావరణానికీ సంప్రదాయానికీ అనుగుణంగా ఉండాలని అభిలషించినవాడు. మధురలో శిథిలమవుతున్న తిరుమల నాయకుని ప్రాసాదాన్ని ఉద్ధరించాలని ఆయన సంకల్పించగా, ఆ బాధ్యత చిషోల్మ్‌కు అప్పగించబడింది. విజయనగర సామ్రాజ్యం పంపిన తెలుగు నాయకుల వంశంలోని తిరుమల నాయకుడు పదిహేడవ శతాబ్దంలో కట్టించిన మహాసౌధమది. బరువైన స్తంభాలు, వాటిని కలిపే విశాలమైన కమానులు, పైన గుమ్మటాలు, హిందూ ముస్లిం శిల్పరీతుల కలయిక – ఇవన్నీ అక్కడ ఒక్కచోట ఉన్నాయి. శిథిలమైన కట్టడాన్ని బాగుచేయాలంటే అది ఎట్లా కట్టబడిందో ముందుగా తెలియాలి. అది తెలిసినవారు స్థానికులైన తాపీ పనివారు. ఆ విధంగా ఒక తెలుగు రాజు కట్టించిన ప్రాసాదం ఆ ఆంగ్లేయ శిల్పికి పాఠశాల అయినది.

దీని ఫలితం త్వరలోనే కనిపించింది. 1768 ప్రాంతంలో ఆర్కాటు నవాబు మహమ్మదలీ వాలాజా కోసం నిర్మితమైన చేపాక్ ప్రాసాదం, 1855లో నవాబు పదవి రద్దయిన తరువాత ప్రభుత్వపరమైంది. దానిని కార్యాలయాలకు అనుకూలంగా విస్తరించే పనిలో చిషోల్మ్ ఖల్సా మహల్, హుమాయూన్ మహల్ అనే రెండు భాగాల నడుమ ఒక ఉన్నతమైన గోపురాన్ని లేపి, పాత కట్టడానికి విరుద్ధం కాని రీతిలో కొత్తదానిని అతికించారు. తరువాత తిరువనంతపురంలో నేపియర్ పేరిట వస్తుప్రదర్శనశాల కట్టవలసి వచ్చినపుడు, చేపాక్‌లోని రూపాన్నే అక్కడికి మోసుకొని పోలేదు. కేరళదేశపు దారుశిల్పాన్ని, ఏటవాలు కప్పులను, ముందుకు పొడుచుకొని వచ్చే చూరులను పరిశీలించి, గాలి ధారాళంగా ఆడే భవనాన్ని ఆ దేశపు పోలికలతోనే రూపొందించారు. 1880లో అది పూర్తయింది.

సెనేట్ హౌస్ కథ మరింత గమనింపదగినది. 1864 పోటీలో బహుమతి పొందిన చిత్రం ఐరోపా పద్ధతిలోనిది. నిర్మాణం 1874లో ఆరంభమయ్యేనాటికి పదేళ్లు గడిచాయి. ఆ పదేళ్లలో చిషోల్మ్ మరొక మనిషి అయ్యారు. బహుమతి పొందిన ఆ రూపాన్ని పట్టుకొని వేలాడక, భవనాన్ని కొత్తగా ఊహించారు. నాలుగు మూలలా గుమ్మటాలు గల బురుజులు, రంగుటద్దాల కిటికీలు, చెక్కడపు స్తంభాలు, విశాలమైన సభామందిరంతో 1879లో అది పూర్తయింది. తెలుగు, తమిళ, కన్నడ, మలయాళ ప్రాంతాల విద్యావంతుల తరతరాలకు అది సుపరిచితమైన భవనం. తనకు కీర్తి తెచ్చిన పనినే పక్కన పెట్టి మెరుగైన దానిని వెదకడం ఎంతటి విద్వాంసునికైనా సులభం కాదు.

1877 నుండి 1883 వరకు చిషోల్మ్ మదరాసు కళాపాఠశాలకు అధిపతిగా పనిచేశారు. 1850లో డాక్టర్ అలెగ్జాండర్ హంటర్ స్థాపించిన ఆ పాఠశాలయే నేటి చెన్నై ప్రభుత్వ లలితకళా కళాశాల. 1883లో చిషోల్మ్ లండనులోని వాస్తుశిల్పుల సంస్థకు ఒక పత్రం సమర్పించారు. బరోడాలో తాను కట్టిస్తున్న కళాశాలతోపాటు భారతదేశంలో గుమ్మటాలు లేపే పద్ధతులను కూడా అందులో వివరించారు. పాఠం చెప్పడానికి ఈ దేశానికి వచ్చినవాడు, ఈ దేశపు పాఠాన్ని తన దేశీయులకు వినిపించాడన్నమాట.

చెన్నపట్నంలోని విక్టోరియా పబ్లిక్ హాలు తెలుగువారికి మరింత ఆత్మీయమైనది. 1883లో దానికి శంకుస్థాపన చేసినది విజయనగర ప్రభువు పూసపాటి ఆనంద గజపతిరాజు. రూపకల్పన చిషోల్మ్‌ది. కట్టినది తాటికొండ నంబెరుమాళ్ శెట్టి అనే తెలుగు వైశ్య ప్రముఖుడు. నాటి చెన్నపట్నపు పెద్ద భవనాలెన్నో ఆయన చేతిమీదుగా లేచినవే. ఆంధ్ర నాటక పితామహులుగా పేరొందిన ధర్మవరం రామకృష్ణమాచార్యుల బళ్లారి నాటక సమాజం చెన్నపట్నపు రసికులను మెప్పించినది కూడా ఆ భవనంలోనే.

1886 ప్రాంతంలో మదరాసు ప్రభుత్వోద్యోగం విడిచిన తరువాత చిషోల్మ్ బరోడా పనులపై దృష్టి నిలిపారు. అక్కడ శాయాజీరావు గాయక్వాడ్ మహారాజుకై లక్ష్మీవిలాస ప్రాసాదాన్ని ఆరంభించిన మేజర్ చార్లెస్ మాంట్ 1881లో అకాలమరణం చెందగా, మిగిలిన పనిని చిషోల్మ్ చేపట్టి 1890లో ముగించారు. వృద్ధాప్యంలో లండను చేరి, అక్కడ ఒక క్రైస్తవ ప్రార్థనామందిరానికి తూర్పుదేశాల ఛాయలు గల రూపమిచ్చారు. ఆ మందిరం 2004 నుండి కడోగన్ హాల్ అనే పేరిట సంగీతసభామందిరంగా వెలుగొందుతోంది. 1915 మే 28న సౌత్‌సీ పట్టణంలో చిషోల్మ్ తనువు చాలించారు.

ఆయన కృషిని ప్రశంసించేటప్పుడు రెండు సత్యాలను మరువరాదు. ఆ భవనాలు పరాయి పాలకులు తమ అధికారాన్ని చాటుకొనడానికి కట్టించినవి. వాటికైన వ్యయం ఈ దేశపు రైతులు చెల్లించిన పన్నుల నుండి వచ్చినది. హిందూ, ముస్లిం, ఐరోపా రీతులను ఒకచోట కలపడం అతుకుల బొంత అని విమర్శించిన వారూ ఉన్నారు. రెండవది, ఇటుక పేర్చి, సున్నం నూరి, గుమ్మటం తిప్పిన మేస్త్రీలలో చాలామంది పేర్లు చరిత్రకెక్కలేదు. చిషోల్మ్ గొప్పతనంలో సింహభాగం వారినుండి స్వీకరించినదే.

కాలం ఆ భవనాలను కూడా పరీక్షించింది. ఆయన రూపొందించిన చెన్నపట్నపు ప్రధాన తపాలా కార్యాలయం 2000లోను, చేపాక్‌లోని ఖల్సా మహల్ 2012లోను అగ్నిప్రమాదాలకు గురయ్యాయి. ఖల్సా మహల్‌ను తిరిగి బాగుచేసినపుడు నిపుణులు పాతకాలపు సున్నపు పనినే ఆశ్రయించవలసి వచ్చింది. నూటయాభై ఏళ్లనాడు మధురలో చిషోల్మ్ చేసినట్లే, పాత కట్టడాన్ని నిలబెట్టడానికి ముందు దానిని కట్టినవారి విద్యను అభ్యసించవలసి వచ్చిందన్నమాట.

పట్టా పుచ్చుకొనడంతో విద్య ముగియదు. ఇరవై నాలుగవ ఏట బహుమతి గెలిచిన యువకుడు, ఆ తరువాత పరాయి గడ్డపై, తనకంటే తక్కువ జీతానికి పనిచేసే మేస్త్రీల నడుమ మరల విద్యార్థిగా నిలువగలిగాడు. ఆయన భవనాలు ఈ నేలకు చెందినవిగా కనిపించడానికి కారణమదే. డెబ్బదియైదు వసంతాలు పూర్తిచేసుకున్న పాఠశాల నీడలో చదివినవారు, చదువుతున్నవారు, వారి తల్లిదండ్రులు చెన్నపట్నం వెళ్లినపుడు ఆ సముద్రతీరపు భవనాల ముందు ఒక్క నిమిషం ఆగి చూచెదరు గాక. గీసిన చేయి ఒకటి. కట్టిన చేతులు వేలు. ఆ అన్ని చేతులకూ నమస్కరించడం విద్యావంతుల విధి.