కన్నాంబ లోలాకులు

మా అమ్మమ్మకు ఒక జత లోలాకులుండేవి. బంగారం కాదు, ఉత్త పైపూతవే. ఆవిడ వాటిని ఏనాడూ వట్టి లోలాకులనలేదు, కన్నాంబ లోలాకులు అనేది. చిన్నప్పుడు నేను కన్నాంబంటే ఎవరో కంసాలిగారి భార్య అనుకునేదాన్ని! ఆ రోజుల్లో కాంచనమాల గాజులు, కన్నాంబ లోలాకులు అంటూ తారల పేర్లు పెట్టి మరీ అమ్మేవాళ్ళట. మన చీరల పేర్లు చూడండి, ఇప్పటికీ అంతే కదూ?

మాది గురజాల దగ్గర ఓ పల్లెటూరు. మా వైపు ఆడపిల్ల కాస్త గొంతు పెంచితే చాలు, నాగమ్మ పుట్టింది మనింట్లో అనేస్తారు. పల్నాడును నాశనం చేసిన ఆడదన్నమాట! పదో తరగతయ్యాక నరసరావుపేట వెళ్ళి చదువుకుంటానని పట్టుబట్టినప్పుడు ఆ మాట నాకూ పడింది. అందరూ నవ్వారు. అమ్మమ్మ మాత్రం నవ్వలేదు. నాగమ్మ సంగతి మీకేం తెలుసు, నేను కళ్ళారా చూశాను అంది. ఎనిమిది వందల ఏళ్ళ కిందటి మనిషిని ఈవిడెప్పుడు చూసిందా అని తెల్లబోయాను. తీరా ఆవిడ చూసింది కన్నాంబను. 1947లో వచ్చిన పల్నాటి యుద్ధంలో. బండి కట్టుకుని మాచర్ల వెళ్ళి, డేరా సినిమాలో నేల మీద కూచుని చూశారట.

పసుపులేటి కన్నాంబ కడపలో పుట్టింది, ఏలూరులో పెరిగింది. నాటకాల నుంచి సినిమాకొచ్చింది. మొదటి సినిమా 1935లో హరిశ్చంద్ర. అద్దంకి శ్రీరామమూర్తి హరిశ్చంద్రుడు, ఈవిడ చంద్రమతి. మరుసటేడు ఓ వింత జరిగింది. ద్రౌపది కథ మీద ఒకేసారి రెండు సినిమాలొచ్చాయి. ఒకదాంట్లో తొలి తెలుగు టాకీ నాయిక సురభి కమలాబాయి ద్రౌపది, మహానటుడు బళ్ళారి రాఘవ దుర్యోధనుడు. రెండోదాంట్లో కన్నాంబ, యడవల్లి సూర్యనారాయణ. జనం కన్నాంబ వైపే మొగ్గారు. అప్పట్లో పాటైనా మాటైనా కెమెరా ముందే, ఎవరి గొంతు వాళ్ళదే. ఆ గొంతే ఆవిడ ఆస్తి. ఏడిస్తే వినేవాళ్ళ కడుపు తరుక్కుపోయేది, గర్జిస్తే వెన్ను జలదరించేది.

అయితే ఒక్కటి గమనించండి. చంద్రమతిగా చేతులెత్తి మొక్కించుకున్న మనిషి, రెండేళ్ళు తిరక్కుండానే సారంగధరలో చిత్రాంగి వేసింది. సవతి కొడుకును కోరిన చిత్రాంగి! పేరు పోతుందని జంకలేదు. 1938లో హెచ్.ఎం. రెడ్డి గృహలక్ష్మిలో మొగుడి చేత నానా బాధలు పడ్డ ఇల్లాలు. 1940లో చండికగా బళ్ళారి రాఘవ, వేమూరి గగ్గయ్యల వంటి ఉద్దండుల ఎదుట నిలబడింది. 1942లో తమిళంలో కణ్ణగి. మన తెలుగావిడ వాళ్ళ కణ్ణగి వేసి వాళ్ళనే మెప్పించిందంటే మాటలా!

ఇక పల్నాటి యుద్ధం. దర్శకుడు గూడవల్లి రామబ్రహ్మం సినిమా పూర్తికాకుండానే 1946లో పోయారు. మిగతాది ఎల్.వి. ప్రసాద్ పూర్తి చేశారు. గోవిందరాజుల సుబ్బారావు బ్రహ్మనాయుడు, పడుచు అక్కినేని బాలచంద్రుడు, కన్నాంబ నాయకురాలు నాగమ్మ. మాచర్ల వాళ్ళకు బ్రహ్మనాయుడు దేవుడితో సమానం. ఆ మాచర్లలోనే నాగమ్మను తిట్టుకుంటూ చూద్దామని వెళ్ళిన ఆడవాళ్ళు కిమ్మనకుండా కూచున్నారని అమ్మమ్మ చెప్పేది. నిండు కొలువులో మగవాళ్ళందరి మధ్యా ఒక ఆడది మంత్రిగా నిలబడి మాట్లాడుతుంటే ఎదురు చెప్పే దిక్కులేదు. అలాంటిది వాళ్ళెక్కడ చూశారు గనక! కోడిపందెం కుట్ర కుట్రేనని అమ్మమ్మా ఒప్పుకునేది. కానీ కుట్రలు మగవాళ్ళు చెయ్యలేదా, పేరు ఒక్కదానికే ఎందుకొచ్చిందీ అనేది. ఆ రాత్రి మా తాతయ్య మాత్రం నాన్న వెంట నరసరావుపేట వెళ్ళి ఫీజు కట్టి రమ్మన్నాడు. అమ్మమ్మ ఆయనతో ఏం మాట్లాడిందో నాకు తెలీదు.

తెర మీదే కాదు, బయటా ఆవిడది పెద్ద చెయ్యే. భర్త కడారు నాగభూషణంతో కలిసి శ్రీ రాజరాజేశ్వరీ ఫిలిం కంపెనీ నడిపింది. తెలుగులో, తమిళంలో సినిమాలు తీశారు. ఆయన దర్శకత్వం, ఈవిడ నటన. సౌదామిని, దక్షయజ్ఞం వాళ్ళవే.

నాయిక వయసు దాటాక చాలామంది ఇంట్లో కూచుంటారు. కన్నాంబ అమ్మ అయింది. 1954లో మనోహరలో శివాజీ గణేశన్‌కు తల్లి. అంతవరకూ ఓర్చుకోమన్న తల్లే, చివరికి గొలుసులు తెంచుకుని లేవమని కొడుక్కి చెప్పే ఘట్టంలో మళ్ళీ నాగమ్మే కనిపిస్తుంది నాకు. 1957లో తోడికోడళ్ళులో సావిత్రి, సూర్యకాంతంల మధ్య పెద్దకోడలు. ఇంటికి పెద్ద దిక్కంటే ఎలా ఉండాలో అలా ఉంటుంది. 1963లో లవకుశలో కౌసల్య. మరుసటేడు మే 7న మద్రాసులో కన్నుమూసింది. ముప్ఫయ్యేళ్ళకు ఒక్క ఏడు తక్కువ.

అమ్మమ్మ పోయి చాలా ఏళ్ళయింది. ఈమధ్య మా మనవడు ఫోనులో పల్నాటి యుద్ధం పెట్టి చూపించాడు. బొమ్మంతా గీతలే. కన్నాంబ కొలువులోకి వచ్చింది. నేను చూసింది ముందు ఆవిడ చెవులకేసే! అంత చిన్న బొమ్మలో ఏం కనబడుతుంది?

లోలాకులు నా దగ్గరే ఉన్నాయి. పోయిన కార్తీకంలో కారంపూడి వీరుల తిరునాళ్ళకు అవే పెట్టుకుని వెళ్ళాను. ఒకదానికి పూత ఊడిపోయింది. కొత్తగా పూత వేయించమంది మా కోడలు. వద్దులే అన్నాను.