దేహాన్ని కాకినాడకు ఇచ్చిన హాల్డేన్

ఇస్నాపూర్‌లో మా హాస్టల్ వెనక ఖాళీ ప్లాట్లలో తీతువు పిట్ట ఉత్త నేల మీదే గుడ్లు పెట్టేది. దగ్గరికి పోతే నెత్తి మీద తిరుగుతూ అరిచేది. తీతువు అరిస్తే కీడని పెద్దలు అనేవారు. అది తన పిల్లల కోసం అరుస్తోందని మాకు ఆలస్యంగా తెలిసింది. ఆ కాపుదల పుట్టుకతో వచ్చిందా, పరిసరాల వల్ల వచ్చిందా? ఇలాంటి ప్రశ్నలకు లెక్కలతో జవాబు వెతికిన మహనీయుడు జె.బి.ఎస్. హాల్డేన్.

ఆయన 1892 నవంబరు 5న ఇంగ్లండులోని ఆక్స్‌ఫర్డులో పుట్టారు. తండ్రి జాన్ స్కాట్ హాల్డేన్ గనుల్లోని విషవాయువులను పరిశోధించిన శాస్త్రవేత్త. కొడుకును చిన్నప్పుడే గనుల్లోకి తీసుకుపోయి పని నేర్పారు. అలాంటి ఇల్లు దొరికిన హాల్డేన్, సైన్సులో డిగ్రీ లేకుండానే ప్రపంచం మెచ్చిన శాస్త్రవేత్త అయ్యారు. మొదటి ప్రపంచ యుద్ధంలో పోరాడి గాయపడ్డారు. 1924 నుంచి ప్రకృతి వరణాన్ని గణిత సూత్రాలలోకి తెచ్చారు.

1946లో ఆయన ఒక ముఖ్యమైన విషయం రాశారు. ఒక పరిసరంలో ముందుండే జాతి, మరో పరిసరంలో వెనకబడవచ్చు. కాబట్టి జన్యువులను మాత్రమే చూసి ఎవరు గొప్పో తేల్చలేం.

1955లో మరో లెక్క చెప్పారు. వరదలో కొట్టుకుపోతున్న పిల్లవాడిని కాపాడటానికి దూకించే అరుదైన జన్యువు ఒకరిలో ఉందనుకుందాం. దూకినవారు మునిగిపోయే అవకాశం పదింట ఒకటి. ఆ పిల్లవాడు సొంత బిడ్డ అయితే, వాడిలోనూ అదే జన్యువు ఉండే అవకాశం సగం. అంటే పోయే జన్యువుల కంటే నిలిచేవే ఎక్కువ. తల్లి ప్రేమ తరతరాలుగా ఎలా నిలిచిందో ఈ లెక్క కొంత చెబుతుంది. అయితే తాను రెండుసార్లు మనుషులను నీళ్లలోంచి లాగినప్పుడు లెక్క వేసే తీరిక లేదని కూడా ఆయన ఒప్పుకున్నారు.

1957లో భార్య హెలెన్ స్పర్వేతో కలిసి మన దేశం వచ్చి, కలకత్తాలోని భారత గణాంక సంస్థలో చేరారు. తర్వాత భారత పౌరసత్వం తీసుకున్నారు. పిఠాపురానికి చెందిన మన తెలుగువాడు ద్రోణంరాజు కృష్ణారావు ఆయన శిష్యుడు. మరో శిష్యుడు సురేశ్ జయకర్, హెలెన్ కలిసి పసుపు తీతువును గమనించారు. అది ఎండాకాలంలో గూడు పెట్టే పిట్ట. ఎండ మండితే తల్లిదండ్రులు గుడ్లకు నీడగా నిలబడతాయి, పొట్ట ఈకలు తడుపుకొచ్చి చల్లబరుస్తాయి. కాపాడే గుణం పుట్టుకది. ఎప్పుడు పొదగాలో, ఎప్పుడు నీడ పట్టాలో ఎండే చెబుతుంది.

1962లో ఆయన భువనేశ్వర్ వెళ్లి ప్రయోగశాల నెలకొల్పారు. 1964 డిసెంబరు 1న క్యాన్సర్‌తో కన్నుమూశారు. ఆయన కోరిక ప్రకారం దేహాన్ని వైద్య విద్యార్థుల కోసం కాకినాడ రంగరాయ వైద్య కళాశాలకు ఇచ్చారు.

కూలోళ్ల పిల్లలకు చదువు రక్తంలోనే ఉండదని ఒక పెద్దమనిషి మా ముందే అన్నాడు. అప్పుడు జవాబు చెప్పలేకపోయాం. మా ఇంట్లో మొదటి డిగ్రీ మాదే. పిట్ట వేరు, మనిషి వేరు. అయినా నైట్ షిఫ్టు చేసి, మమ్మల్ని హాస్టల్లో వదిలి, గేటు దగ్గర కళ్లు తుడుచుకున్న అమ్మానాన్నలు మాకు నీడ పట్టినవాళ్లే. వాళ్ల ఎండకు తగ్గ కాపుదల అది.

తమ్ముళ్లారా, రక్తం మాట ఎవరైనా ఎత్తితే హాల్డేన్‌ను గుర్తు చేసుకోండి. ముందు మంచి పరిసరం ఇమ్మని అడగండి.