మూడు సినిమాల బళ్లారి రాఘవ

మన బడి వార్షికోత్సవంలో చీర కట్టుకుని చంద్రమతి వేషం వేసినప్పుడు నాకు బళ్లారి రాఘవ గురించి తెలియదు. 1880లో తాడిపత్రిలో పుట్టిన రాఘవాచార్యులు గారు బళ్లారిలో పేరున్న ప్లీడరు, రంగస్థలం మీద మహానటుడు. సినిమాల్లో మాత్రం ఆయన కనిపించింది కొద్దికాలమే. 1936లో ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో దుర్యోధనుడిగా వేశారు, పోటీ చిత్రం ముందు అది నిలవలేదు. 1939లో ‘రైతుబిడ్డ’లో రైతుగా నటించారు, అది జమీందార్లకు కోపం తెప్పించింది. 1940లో ‘చండిక’తో సరి. 1946లో కన్నుమూశారు.

సినిమాలకన్నా ఆయన పట్టుదలే ఎక్కువకాలం నిలిచింది. స్త్రీ పాత్రలు స్త్రీలే ధరించాలని, లోకం ఏమన్నా వెనక్కి తగ్గక, వారిని రంగస్థలం మీదికి తెచ్చి వారితో కలిసి నటించారు.

ఈ స్వర్ణోత్సవ నాటకంలో చంద్రమతి మన పూర్వ విద్యార్థినే. నేను తెర లాగుతాను.