శ్రీ వట్టికోట ఆళ్వారుస్వామి

మా పాఠశాల గ్రంథాలయమున బాలురు మిక్కిలి మక్కువతో నడుగు పుస్తకములు యుద్ధములకు సంబంధించినవి. పల్నాటి యుద్ధము, బొబ్బిలి యుద్ధము, తళ్ళికోట యుద్ధము అను పేర్లు వినిన మాత్రమున వారి కన్నులు మెఱయును. ఎవరు గెలిచిరి, ఎవరు పడిరి అను ప్రశ్నలకు వారు మాకంటె వేగముగ బదులు చెప్పుదురు. అందు దోషము లేదు. మేమును బాల్యమున నట్లే చదివితిమి. ఉపాధ్యాయులమైన పిమ్మట పెక్కేండ్లు అట్లే బోధించితిమి.

గత సంవత్సరము ఎనిమిదవ తరగతి బాలు డొకడు, చరిత్ర పాఠము ముగిసిన పిదప, మన ముత్తాతలు ఏ యుద్ధము చేసిరని మమ్మడిగెను. నిజాము రాజ్యమున 1946 మొదలు 1951 వఱకు జరిగిన రైతుల తిరుగుబాటును గూర్చి మేము తేదీలతో సహా చెప్పితిమి. అయినచో వారెందుకు తిరుగబడిరని అతడు మరల నడిగెను. తేదీలు చెప్పినంత సులభముగ ఆ ప్రశ్నకు బదులు చెప్పలేకపోతిమి. ఆ బదులును వెదకుచుండగా మేము చదివిన గ్రంథము ప్రజల మనిషి అను నవల. దానిని రచించిన వట్టికోట ఆళ్వారుస్వామిగారి జీవితమునే ఈ యేడు మా పాఠకుల ముందుంచుచున్నాము.

ఆయన 1915వ సంవత్సరము నవంబరు 1వ తేదీన నల్లగొండ జిల్లా నకిరేకల్లు ప్రాంతమునందలి చెరువు మాదారమను గ్రామమున జన్మించెను. వారిది పేద వైష్ణవ కుటుంబము. బాల్యముననే తండ్రి గతించుటచే బడికి పోయి క్రమముగ చదువుకొను భాగ్య మాయనకు లేకపోయెను. ఉపాధ్యాయుల యింట వంట చేయుచు, వారి పనులు చక్కబెట్టుచు, ఆ యింటనే అక్షరములు నేర్చుకొనెను. తరువాత బెజవాడకు పోయి హోటలులో సర్వరుగా పనిచేసెను. పగలు ఎంగిలి పళ్ళెములెత్తిన చేతులే విరామ సమయమున పుస్తకములను పట్టుకొనెను. చదువు దొరకలేదని విచారించు విద్యార్థు లీ మాటను జ్ఞప్తియం దుంచుకొందురు గాక.

ఆ దినములలో నిజాము రాజ్యమున తెలుగు పుస్తకము దొరకుట కష్టము. సర్కారు వ్యవహారమంతయు ఉర్దూలో జరుగుచుండెను. బడులలోను ఆ భాషయే ప్రధానము. సభ జరుపవలెనన్నను ముందుగా అనుమతి పొందవలసియుండెను. గ్రంథాలయము పెట్టినవారిని అధికారులు అనుమానముతో చూచుచుండిరి. ఇట్టి కాలమున ఆళ్వారుస్వామిగారు 1938లో సికింద్రాబాదున దేశోద్ధారక గ్రంథమాలను స్థాపించిరి. ఆ యేడే కీర్తిశేషులైన కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారి బిరుదమే ఆ గ్రంథమాలకు పేరయ్యెను. చేతిలో మూలధనము లేదు. వెనుక ధనికులు లేరు. అయినను ముప్పదికి మించిన గ్రంథములు వెలువడెను. అచ్చువేసినంతతో ఆయన పని ముగియలేదు. పుస్తకములను సంచులలో నింపుకొని, భుజమున మోసికొని, కాలినడకను ఊరూర తిరిగి అమ్మెను. పాఠకుడు అంగడికి రానిచో అంగడియే పాఠకుని వాకిటికి పోవలెనని ఆయన తలంచెను.

ఊరూర తిరుగుటచే ఊరి కష్టములన్నియు ఆయన కంటబడెను. ఆ కష్టములలో ప్రధానమైనది వెట్టి. దేశముఖునకు గాని, అధికారికి గాని పని పడినపుడు పేదలు కూలి లేకుండ చాకిరి చేయవలెను, మూటలు మోయవలెను, తమ చేనిని విడిచి దొర చేను దున్నవలెను. చిన్న అప్పునకు పెద్ద భూమి పోవుచుండెను. దొర గడీలోనికి పోయినవానికి న్యాయము చెప్పువా డుండెడివాడు కాడు. ఇట్టి అన్యాయములను ఎదిరించుటకు ఆయన ఆంధ్ర మహాసభలో చేరి పనిచేసెను; పిమ్మట కమ్యూనిస్టు పక్షమున నిలిచెను. 1942లో ఒకసారి, 1946 మొదలు 1951 వఱకు మరియొకసారి చెరసాలల పాలయ్యెను.

నిజామాబాదు చెరసాలలో దాశరథి కృష్ణమాచార్యులుగారు ఆయన సహవాసి. పండ్లు తోముకొనుట కిచ్చిన బొగ్గుతో దాశరథిగారు గోడలమీద పద్యములు వ్రాసిరి. కాగితము లేనిచోట గోడయే గ్రంథమయ్యెను. ఆ కవి 1949లో ప్రకటించిన అగ్నిధార అను కావ్యమును ఆళ్వారుస్వామిగారికే అంకిత మిచ్చెను. రాజులకు, జమీందారులకు కృతులంకితమిచ్చు ఆచారముగల మన దేశమున, ఒకనాడు హోటలులో పనిచేసినవాడు కృతిభర్త యగుట గమనింపదగిన విషయము.

ఆళ్వారుస్వామిగారు చెరసాలలో తమ పక్షమువారినే గాక దొంగతనము, హత్య మొదలగు నేరములకు శిక్షపడిన సామాన్య ఖైదీలనుగూడ ఓర్పుతో పరిశీలించిరి. వారి కథలే జైలు లోపల అను సంపుటమయ్యెను. నేరము చేసినవానిని చూచి ముఖము త్రిప్పుకొనక, వాడెట్లు ఆ స్థితికి వచ్చెనని విచారించుట ఆ కథలందలి గుణము.

ఇక ప్రజల మనిషిని గూర్చి చెప్పెదము. తెలంగాణ జీవితమును చిత్రించిన తొలి నవలలలో నిది ముఖ్యమైనది. ఇందలి కథ నిజామాబాదు జిల్లాలోని దిమ్మెగూడెమను గ్రామమున జరుగును. రామభూపాలరావను దొర ఒకవైపు, కంఠీరవమను యువకుడు మరియొకవైపు. తిరుగుబాటున పాల్గొని చెరసాలకు పోయినవాడు వ్రాసినది గనుక తుపాకులు, దళములు, దాడులు ఇందుండునని మేము తలంచితిమి. అవి లేవు. తిరుగుబాటునకు ముందటి సంవత్సరములే ఇందు గలవు. భూమి పోయినవాని మౌనము, వెట్టివాని అలసట, దొర ముందు వంగిన నడుము, మెల్లమెల్లగా ఆ నడుము నిటారగుట, ఇవి గలవు. ఆ బాలుడడిగిన ప్రశ్నకు బదు లిచ్చట దొరకెను. తుపాకి మ్రోగిన దినమున తిరుగుబాటు పుట్టలేదు. 1946 జూలై 4వ తేదీన కడవెండిలో దొడ్డి కొమరయ్య కాల్పులకు బలియగుటకు ఎన్నియో యేండ్లు ముందుగనే అది పొలములలో మొలకెత్తినది. ఆ తరువాతి కథను గంగు అను నవలలో చెప్పదలచి ఆయన వ్రాయుచుండగనే, 1961 ఫిబ్రవరి 5వ తేదీన మరణించెను. అప్పటి కాయన వయస్సు నలువదియైదేండ్లు. అసంపూర్ణమైన ఆ నవల ఆయన మరణానంతరము వెలువడెను. దాశరథి రంగాచార్యులుగారు చిల్లర దేవుళ్ళు, మోదుగుపూలు మొదలగు నవలలలో ఆ కాలపు కథను ఇంకను విస్తరించి చెప్పిరి. అదే కాలమును చరిత్రగా తెలిసికొనగోరువారికి పుచ్చలపల్లి సుందరయ్యగారి గ్రంథము గలదు. చరిత్ర ఏమి జరిగినదో చెప్పును; అది జరిగినపుడు మనుష్యుని హృదయ మెట్లుండెనో నవల చెప్పును. రెండును చదువవలెను.

ఒక సంగతి దాచక చెప్పుట మా ధర్మము. ఆళ్వారుస్వామిగారి పక్షము ఆయుధములు పట్టినది. ఇరుప్రక్కల రక్తము కారినది. క్రైస్తవులమైన మేము ప్రాణము తీయుటను కొనియాడజాలము. మా విద్యార్థులకు అట్లు నేర్పజాలము. కాని బీదల కూలిని బిగబట్టుట మహాపాతకమని మేము చదువు వేదమే ఘోషించుచున్నది. కత్తి నెత్తినవానిని నిందించి, ఆ కత్తి నెత్తించిన అన్యాయమును చూడక పోయినచో మన తీర్పు సగము తీర్పే యగును. అన్యాయమును చట్టముచే తొలగింప వచ్చునని చూపినవారును మన ప్రాంతమున గలరు. షాద్‌నగరునకు సమీపమునగల బూర్గుల గ్రామము ఇంటిపేరుగాగల రామకృష్ణారావుగారు హైదరాబాదు రాష్ట్ర రెవెన్యూ మంత్రిగాను, 1952లో ముఖ్యమంత్రిగాను పనిచేసిరి. 1950 నాటి కౌలుదారీ చట్టముతో వారి పేరు ముడివడియున్నది. ఆ చట్టము కొంత ముందుగా వచ్చియుండినచో ఎందరి ప్రాణములు నిలిచియుండెడివో విద్యార్థులు ఆలోచింతురు గాక.

ప్రజల మనిషిని ఆ బాలునకే మొదట నిచ్చితిమి. అతడు పది దినములకు తిరిగి తెచ్చెను. పుస్తకమున వెట్టి ఘట్టమును ఇంటిలో బిగ్గరగా చదువగా, మంచముపై నున్న ముత్తవ్వ లేచి కూర్చుండి, తాను చిన్నతనమున దొర యింటికి మోసిన నీటికుండల లెక్క చెప్పెనట. అంతవఱకు ఆ సంగతి ఆ యింట ఎవరికిని తెలియదు.

తలిదండ్రులకు మా విన్నప మొక్కటియే. మీ యింట అట్టి వృద్ధులున్నచో బాలురను వారియొద్ద కూర్చుండబెట్టుడు. ఆళ్వారుస్వామిగారు భుజమున మోసి తెచ్చిన పుస్తకములలో కొన్ని నేటికిని దొరకును. ఆ వృద్ధుల మాట మాత్రము మరల దొరకదు.