జమీందారు డబ్బుతో జమీందార్ల మీదే సినిమా తీసిన గూడవల్లి

మాకవరపాలెం: ఓటు ఎవరికి వేయాలో జమీందారే చెప్పే రోజులవి. పైన తెల్లదొరల సర్కారు, కింద జమీందారు. మన పాత విశాఖ జిల్లాలో చాలా ఊళ్ల పరిస్థితి ఇదే. రైతు నోరెత్తితే శిస్తు, అప్పు రెండూ మెడకి చుట్టుకునేవి. ఆ రైతును వెండితెర మీదికి తెచ్చినాయనే గూడవల్లి రామబ్రహ్మం.

1902లో కృష్ణా జిల్లా నందమూరులో పుట్టారు. మద్రాసులో ప్రజామిత్ర పత్రిక నడిపారు. పత్రిక చదవాలంటే అక్షరం రావాలి, సినిమాకి ఆ అవసరం లేదు. 1938లో అంటరానితనం మీద మాలపిల్ల తీశారు. కథ చలం గారిది.

మరుసటి ఏడాదే రైతుబిడ్డ. ఎన్నికల్లో జమీందారు మనిషిని కాదని రైతుల అభ్యర్థి వైపు నిలబడిన రైతు, అందుకు పడ్డ కష్టాలు, ఇదీ కథ. బళ్ళారి రాఘవ రైతుగా నటించారు. ఇది గాల్లోంచి పుట్టిన కథ కాదు. 1937 ఎన్నికల్లో మద్రాసు ప్రధానిగా ఉన్న బొబ్బిలి రాజావారే సొంత గడ్డ మీద వి.వి. గిరి చేతిలో ఓడిపోయారు.

ఇంకో విశేషం. సినిమా తీసిన సారథి సంస్థ చల్లపల్లి రాజావారిది. కామర్స్ చదివిన నాకు ఈ లెక్క ఇప్పటికీ వింతే. పెట్టుబడి జమీందారుది, దెబ్బ కూడా జమీందారీకే!

బొబ్బిలి, వెంకటగిరి జమీందార్లు మాత్రం ఊరుకోలేదు. సర్కారు సినిమాని నిషేధించింది. స్వతంత్రం వచ్చాకా ఈ జబ్బు పోలేదు. షబానా ఆజ్మీ నటించిన వ్యంగ్య చిత్రం కిస్సా కుర్సీ కా ప్రింట్లను ఎమర్జెన్సీలో ఏకంగా తగలబెట్టేశారు.

రామబ్రహ్మం ఆగలేదు. ఇల్లాలు, పంతులమ్మ, మాయాలోకం తీశారు. పల్నాటి యుద్ధం సగంలో ఉండగానే 1946లో, 44 ఏళ్లకే కన్నుమూశారు. ఆ సినిమాని ఎల్.వి. ప్రసాద్ పూర్తి చేశారు.

జమీందారీలను రద్దు చేస్తూ మద్రాసు చట్టం 1948లో వచ్చింది. ఆయన ఆ రోజు చూడలేకపోయారు. ఇప్పుడు మనకు జమీందార్లు లేరు. కానీ ఎన్నికలొస్తే నోటు పట్టుకుని గుమ్మంలోకి వచ్చేవాళ్లు ఉన్నారు. ఆ సినిమాలో రైతు అప్పుల్లో ఉండి కూడా తన ఓటు అమ్ముకోలేదు. ఈ ఒక్క ముక్క ఇంట్లో పిల్లలకి చెప్పండి చాలు.